తెల్లవారుజామున కట్టయ్యే ఫోన్

రిటైరైనవాళ్ళను కదిలిస్తే చాలు, ఏదో ఒక వీరగాథ మొదలుపెడతారని మీకు భయం. నాకు తెలుసు. నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో మా సీనియర్లు తుఫానులో స్తంభాలెక్కి తీగలు ఎలా కట్టారో చెప్తుంటే, నేను కళ్ళు తెరుచుకునే నిద్రపోయేదాన్ని. కాబట్టి నేను ఏ స్తంభమూ ఎక్కను. తిరుపతిలో మా టెలిఫోన్ ఆఫీసు కౌంటర్‌కు, నా సర్వీసు ఆఖరి రోజుల్లో వచ్చిన ఒక ఫిర్యాదు గురించి చెప్తాను. నిజానికి అది మా శాఖ చూడాల్సిన ఫిర్యాదు కూడా కాదు. అయినా ఇన్నేళ్ళలో నువ్వు చేసిన మంచి పనేమిటి తల్లీ అని ఎవరైనా అడిగితే, నా నోటికి ముందుగా వచ్చేది అదే.

మొదట్లో నేను ట్రంకు ఎక్స్ఛేంజిలో ఆపరేటర్ని. ఊరికీ ఊరికీ లైను కలిపి పక్కకు తప్పుకోవాలి, వాళ్ళ మాటలు వినకూడదు. అది రూలు. చెవులకు హెడ్‌ఫోన్ తగిలించి వినొద్దంటే ఎలా కుదురుతుంది? అన్నీ వినేవాళ్ళం, ఏమీ విననట్టు ఇళ్ళకు పోయేవాళ్ళం. ఆ ఎక్స్ఛేంజీలు పోయి సెల్‌ఫోన్లు వచ్చాక నన్ను తెచ్చి కౌంటర్లో కూర్చోబెట్టారు.

అక్కడ మేం ముగ్గురం. మా ఆఫీసరు రోజూ చిత్తూరు నుంచి బస్సులో వచ్చేవారు. మనిషి వెన్న, నోరు మాత్రం రూల్సు పుస్తకం. మూడో మనిషి కార్వేటినగరం అమ్మాయి, కొత్తగా చేరిన ఇంజినీరు. మధ్యాహ్నం ఒక చేత్తో పెరుగన్నం తింటూ ఇంకో చేత్తో ఫోన్లో తుపాకులు కాల్చేది. ఆ చప్పుడుకు నాకు ముద్ద దిగేది కాదు. 'ఎవరిని చంపుతున్నావమ్మా అన్నం తినేటప్పుడు?' అంటే, 'ఎవరో తెలీదక్కా, ఆయన కూడా భోంచేస్తా ఉంటాడు' అనేది.

ఆటలంటే గుర్తొచ్చింది. మా ఆఫీసుకు కొత్త కంప్యూటర్లు వచ్చినప్పుడు వాటితోపాటు అడగని ఆటల సామాను చాలా దిగింది. మా ఆఫీసరు వేలు ఒకటికి రెండు మీటల మీద పడితే చాలు, తెర మీద నల్లటి పలక ఒకటి దూకి, మీ ఆటను రికార్డు చేయమంటారా అని అడిగేది. ఆయన అటూ ఇటూ చూసి, ఎవరైనా గమనించారేమోనని మొత్తం కంప్యూటర్నే ఆపేసేవారు. బిల్లు కట్టడానికి వచ్చినవాళ్ళు నిలబడే ఉండేవాళ్ళు. చివరికి ఆ అమ్మాయి ఒక ఆదివారం వచ్చి అన్ని కంప్యూటర్లలోనూ ఆ సర్వీసులను వరుసగా పీకేసింది. పేకాడేవాళ్ళను ఖాళీ చేయించిన అరుగులాగా మా కంప్యూటర్లు నెమ్మదించాయి.

ఇక ఫిర్యాదు సంగతి. ఒకరోజు జనం పలచబడ్డాక ఒకామె వచ్చింది. తిరుచానూరులో పూలు కట్టి అమ్ముతుందట, వేళ్ళకు ఇంకా ఆకుపచ్చ అంటుకునే ఉంది. చెంగు కింద నుంచి ఒక ఫోన్ తీసి నా ముందుకు జరిపింది. చూస్తే కుర్రకారు వాడే ఫోన్, వెనకవైపు ఎర్రటి గీత. ఇది మా ఇంటాయనది, మేనల్లుడు కొత్తది కొనుక్కుని పాతది ఈయనకిచ్చినాడు అని చెప్పింది. తర్వాత అటూ ఇటూ చూసి గొంతు తగ్గించింది.

"అమ్మా, ఈ ఫోన్లో మా బిడ్డ నంబరు అడ్డం కట్టి పెట్టినాడేమో సూడల్ల. మా ఆయనకు తెలీకుండా తెచ్చినా."

భర్త నాదస్వర విద్వాంసుడు. తిరుచానూరు కల్యాణమండపాల్లో ఆయన మేళానికి మంచి పేరుంది. ఒక్కతే కూతురు. చిన్నప్పుడు నాయన పక్కన కూర్చొని శ్రుతినిచ్చే ఒత్తు ఊదింది, పెద్దయ్యాక నాదస్వరమే పట్టింది. ఆడపిల్ల నాదస్వరం ఊదుతోందని జనం ఆగి ఆగి చూసేవాళ్ళట. ఒక పెళ్ళిలో తాళి కట్టేదాకా గుక్క తిప్పుకోకుండా వాయించిన మేళాన్ని, భోజనాల దగ్గర మాత్రం ఆఖరి బంతి దాకా ఆగమన్నారు. ఆ పిల్ల ఆగలేదు. నాదస్వరం గుడ్డలో చుట్టి నాయన ఒళ్ళో పెట్టి, నాకీ పని వద్దు అని లేచి వచ్చేసింది. తర్వాత సూళ్ళూరుపేట దగ్గర ఒక ఫ్యాక్టరీలో చేరింది. 'వాయిద్యం కింద పెట్టినదానివి, ఇంక నాతో నీకేం మాట' అని ఆయనా అనేశాడు.

అనేశాడేగానీ, బిడ్డ ఫోన్ చేస్తే ఎత్తనా అని కొన్నాళ్ళకే మెత్తబడ్డాడట. ఫోన్ రాలేదు. ఈమె పక్కింటివాళ్ళ ఫోన్ నుంచి రెండు మూడుసార్లు పగటిపూట బిడ్డకు చేయించింది, ఎవరూ ఎత్తలేదు. బిడ్డకు నిజంగానే కోపమా, లేక ఈయనే ఫోన్లో ఏదన్నా చేసి పెట్టాడా? ఇదే ఆమె గుండెలో ముల్లు. ఆవేళ ఆయన చిత్తూరులో పెళ్ళికి పోతూ ఫోన్ చార్జింగ్‌లో మరిచిపోతే, పట్టుకుని వచ్చేసింది.

నేను చూశాను. ఏ నంబరూ బ్లాకులో లేదు. ఆ మాట చెప్పగానే ఆమె ముఖం ఎంత తేటపడిందో! అక్కడితో ఫోన్ ఇచ్చేసి పంపి ఉంటే బాగుండేది. కానీ మా ఆఫీసరు నా భుజం మీదుగా వంగి, వచ్చిన కాల్స్ కూడా చూద్దామన్నారు. చూస్తే ఏముంది! పోయిన నెలల్లో కూతురి నంబరు నుంచి కాల్స్ వచ్చాయి. అన్నీ తెల్లవారుజామునే. ప్రతిదాని పక్కనా ఎర్ర గుర్తు, తిరస్కరించబడింది అని. ఈమధ్య అసలు ఏవీ లేవు.

"ఆమె చేసిందమ్మా. మీ ఆయనే కట్ చేశాడు" అన్నారు మా ఆఫీసరు. "మనిషి అబద్ధం చెప్తాడేమో గానీ మిషను చెప్పదు."

ఆమె ఏడవలేదు. ఫోన్ను మళ్ళీ చెంగులో చుట్టుకుని, పొయ్యొస్తానమ్మా అని వెళ్ళిపోయింది. ఆమె పోయాక ఆఫీసరు కూడా చాలాసేపు పెన్ను మూత తీస్తూ పెడుతూ కూర్చున్నారు. ఉన్నమాటే కదా చెప్పాను అని ఒకటికి రెండుసార్లు అన్నారు, మేమేమీ అడక్కపోయినా.

తర్వాత ఒకరోజు పొద్దున మేం షట్టరు ఎత్తకముందే ఆ నాదస్వరం ఆయన వచ్చి నిలబడి ఉన్నాడు. నుదుట బొట్టు, పట్టు కండువా, భుజాన గుడ్డసంచిలో పొడుగాటి వాయిద్యం. పెళ్ళికి పోతూ మధ్యలో దిగాడు. మాట పెద్దగా లేని మనిషి. ఇంట్లో ఆడమనిషి తనతో మాట్లాడ్డం మానేసిందనీ, అన్నం మాత్రం పెడుతోందనీ, బిడ్డ ఫోన్లు నువ్వే కోసేసినావంట గదా అని ఒక్కసారి అడిగి ఊరుకుందనీ చెప్పాడు. 'తిట్టినా బాగుండేది, నోరే ఇప్పడంల్యా' అన్నాడు.

మా ఆఫీసరు మర్యాదగానే ఫోన్ తెరిచి ఆ ఎర్ర గుర్తులు చూపించారు. ఆయన వాటిని చాలాసేపు చూశాడు. చదవడం రాదు. సంచిలో నుంచి నాదస్వరం తీసి కౌంటరు మీద పెట్టాడు. కౌంటరు మీద సామాన్లు పెట్టరాదని బోర్డుంది. మా ఆఫీసరు నోరు తెరిచి, ఎందుకో మూసేసుకున్నారు.

"అయ్యా, నా కూడు ఇది. మా నాయన ఊదింది, నా బిడ్డ ఊదింది. దీనిమీద చెయ్యేసి చెప్తాండా. నా బిడ్డ ఫోను నేను కొయ్యలే. అసలుకి మోగనే లేదు."

చేయి దానిమీద అలాగే ఉంచి నా వైపు చూశాడు. ట్రంకు ఎక్స్ఛేంజిలో అన్నేళ్ళు ఊరికే కూర్చోలేదు నేను. లైను తెంపినవాడి గొంతు వేరు, తెగిపోయినవాడి గొంతు వేరు. తెంపినవాడు ఎందుకు తెంపాడో కారణాలు చెప్తాడు. తెగిపోయినవాడు అదే మాట తిప్పి తిప్పి చెప్తాడు. ఈయన వెళ్ళేలోపల 'మోగనే లేదు' అని మూడు నాలుగుసార్లు అన్నాడు. ఒక మనిషి తన ఇంట్లో తన మాట చెల్లక, మా దగ్గరికి వచ్చి మిషను చేత సాక్ష్యం చెప్పించమని అడుగుతున్నాడు. ఆ మిషనేమో ఆయనకే ఎదురు చెప్తోంది.

ఆ కాల్స్ అన్నీ తెల్లవారుజామునే ఎందుకున్నాయి? ఆ వేళప్పుడు ఏం చేస్తుంటావు అని అడిగాను. సాధకం అన్నాడు. కోడి కూసినప్పటి నుంచి ఎండ పడేదాకా. మిగిలిన వేళల్లో ఫోన్లు బాగానే వస్తాయట. తెల్లారి చేసినవాళ్ళు మాత్రం, ఏమప్పా బో పెద్దోడివైపోయినావే అని ఎగతాళి చేసేవాళ్ళట. ఆయనకు ఆ మాట ఎందుకంటున్నారో కూడా అర్థమయ్యేది కాదు.

ఇక ఉండబట్టలేదు. మరుసటి రోజు చీకటుండగానే ఇంజినీరు అమ్మాయినీ లేపి, ఆటో ఎక్కి తిరుచానూరు పోయాం. దారిపొడుగునా ఆవలిస్తూనే ఉంది పాపం. అమ్మవారి గుడి వెనక సందులో వాళ్ళ ఇల్లు. వాకిట్లో మల్లెలు కుప్ప పోసుకుని ఆమె దారం మీద దారం కడుతోంది. లోపల ఆయన చాప మీద కూర్చున్నాడు. మమ్మల్ని చూసి ఆమె పక్కకు జరిగింది గానీ భర్త వైపు మాత్రం తల తిప్పలేదు. ఆ ఇంట్లో గాలి కూడా అలిగి ఉన్నట్టనిపించింది.

మీరు రోజూ ఎలా కూర్చుంటారో అలాగే మొదలుపెట్టండి అన్నాను. ఆయన ఫోన్ తీసి గోడకు బోర్లా ఆనించాడు. అందులో శ్రుతి పెట్టుకునే యాప్ ఒకటి మేనల్లుడే వేసి ఇచ్చాడట. తంబూరా జీరలా శ్రుతి మొదలైంది. దానితోపాటే ఫోన్ వెనక ఎర్రగీత మెల్లగా వెలగడం మొదలుపెట్టింది. ఆయన దానికి దండం పెట్టుకుని వాయిద్యం ఎత్తాడు.

అది ఏమిటి ఆ లైటు అని అడిగాను. ఆయన ముఖంలో కొంచెం గర్వం కనిపించింది. వెనకటి కరెంటు శ్రుతిపెట్టెకు కూడా ఎర్ర బల్బు ఉండేదట, శ్రుతి పలుకుతున్నంతసేపూ వెలిగేది. ఈ ఫోన్ కూడా శ్రుతి పెట్టగానే ఎర్రగా వెలుగుతుంటే, మంచి జాతి ఫోను, వాయిద్యం విలువ తెలిసింది అనుకున్నాడు.

కార్వేటినగరం పిల్ల ఆవలింత సగంలో ఆగిపోయింది. అక్కా, మీరు ఫోన్ చేయండి అంది. నేను నా ఫోన్ నుంచి ఆయన నంబరుకు చేశాను. ఒక్క రింగు కూడా వినపడకుండా కట్టయింది. ఆయన ఊదుతూనే ఉన్నాడు, గోడకు ఆనించిన ఫోన్ శ్రుతి పలుకుతూనే ఉంది, ఎర్రగీత వెలుగుతూనే ఉంది. మళ్ళీ చేశాను. మళ్ళీ కట్. అప్పటిదాకా తల తిప్పని ఆ ఇల్లాలు చేతిలో దారం వదిలేసి లేచి నిలబడింది.

విషయం ఇదీ. ఆ ఫోన్ ఆటలాడేవాళ్ళ కోసం చేసింది. ఆట మొదలైతే లోపల ఒక సర్వీసు దానంతట అదే లేచి, వెనక లైటు వేసి, ఆటగాడికి అడ్డం రాకుండా వచ్చిన ఫోన్లన్నీ కోసేస్తుంది. అలా కొయ్యమని మేనల్లుడు తను ఆడే రోజుల్లో పెట్టుకున్నాడు, తీయడం మరిచి ఇచ్చేశాడు. ఆ శ్రుతి యాప్ తయారుచేసిన మహానుభావుడెవరో దాన్ని సంగీతపు ఆటల వరుసలో చేర్చి పెట్టాడు. ఫోన్ ఆ మాట నమ్మింది. ఈయన సాధకానికి కూర్చున్న ప్రతిసారీ ఆడుకోవడానికి కూర్చున్నాడనుకుంది. తెర తిప్పి చూస్తే, మీరు గట్టి ఆటగాడు అని మెచ్చుకుంటూ ఒక బిళ్ళ కూడా ఇచ్చి ఉంది.

ఆ అమ్మాయికి నవ్వొచ్చింది. నవ్వి, ఆయన ముఖం చూసి ఆపుకుంది. ఆయన నాదస్వరం ఒళ్ళో పెట్టుకుని అన్నాడు, 'నా సాధకం దానికి ఆటగా కనపడిందా?' అని. ఆ ఇల్లాలు లోపలికి పోయింది. కొంచెంసేపటికి కాఫీ తెచ్చి, వచ్చినవాళ్ళం మేం ఇద్దరం ఉండగా, మొదటి గ్లాసు ఆయన ముందు పెట్టింది. పెట్టి, 'తాగయ్యా, సల్లారిపోతుంది' అంది. అన్ని రోజుల తర్వాత ఆమె ఆయనతో అన్న మొదటి మాట అది. ఆయన గ్లాసు ఎత్తి కళ్ళ దగ్గర కాసేపు అడ్డం పెట్టుకున్నాడు. ఆవిరి అనుకోండి.

అక్కడే సెట్టింగుల్లోకి పోయి ఆ అమ్మాయి ఆట సర్వీసును ఆపేసింది. నేను మళ్ళీ ఫోన్ చేస్తే గణగణా మోగింది. మేం గెలిచినవాళ్ళలా ఆటోలో తిరిగొచ్చి ఇడ్లీలు తిన్నాం. మరునాడు మధ్యాహ్నానికి ఆ ఇల్లాలు భర్తను వెంటబెట్టుకుని మళ్ళీ కౌంటరు ముందుంది. తెల్లారి మళ్ళీ ఎర్రలైటు వెలిగిందని. ఫోన్ తనంతట తాను ఆగి మొదలైనప్పుడు ఆ సర్వీసు మళ్ళీ లేచి కూర్చుంది. గోడలో కలిపి కట్టిన అలమరలాంటిది అది. తలుపు వేయగలం గానీ తీసి బయట పెట్టలేం. ఫోన్ తయారైనప్పుడే లోపల పెట్టేసిన సామాను, వద్దు అనే మీటే ఉండదు.

కంప్యూటర్లకు చేసినట్టే చేయాలి అంది ఇంజినీరు అమ్మాయి. తీగతో ఫోన్ను ఆఫీసు కంప్యూటర్‌కు కలిపి, ఆజ్ఞలు రాసి పీకేయాలి. ఆఫీసు కంప్యూటర్లో బయటివాళ్ళ ఫోన్ పెట్టడం రూలు కాదు. మన బాధ్యత సిమ్ము వరకే, ఫోన్ జోలికి పోరాదు. ఇద్దరం మా ఆఫీసరు వైపు చూశాం. ఆయన లేచి, కండువా సర్దుకుంటున్న నాదస్వరం ఆయన దగ్గరికి పోయి నిలబడ్డారు.

"పెద్దాయనా, ఆరోజు నేను తొందరపడ్డాను. మిషను అబద్ధం చెప్పదనుకున్నాను. దానికీ తెలియక చెప్పిందిలే, నాలాగే" అన్నారు. తర్వాత మా వైపు తిరిగి, "నేను టీ తాగడానికి పోతున్నాను. ఆలస్యమవుతుంది" అని చెప్పి పోయారు. ఆయన టీ తాగరు. నాకు తెలిసినంతలో ఆయన జీవితంలో తాగిన టీ అదొక్కటే.

ఆ అమ్మాయి తీగ పెట్టి, ఆట సర్వీసును, దానికి తోడుగా ఉన్న లైటునూ, బిళ్ళలిచ్చేదాన్నీ అన్నిటినీ ఆ ఫోన్ నుంచి ఊడబెరికింది. ఆపి మొదలుపెట్టి చూశాం, మళ్ళీ ఆపి మొదలుపెట్టి చూశాం. శ్రుతి పలుకుతుండగా కాల్ మోగింది. ఎర్రగీత వెలగలేదు.

అయితే ఏం లాభం? మోగడానికి అవతల చేసేవాళ్ళు ఉండాలి కదా. ఆ పిల్ల చేయడం మానేసి ఎన్నాళ్ళయిందో ఆ కాల్స్‌లోనే చూశాం. నువ్వే చెయ్యి అంటే ఆయన వల్ల కాలేదు. 'ఏమని సెప్పేది? ఫోను ఆట అనుకొనిందని సెప్పేదా? ఎవురన్నా నమ్ముతారా?' అన్నాడు. అదీ నిజమే. ఎద్దు ఈనిందంటే గాట్లో కట్టేయమనేవాళ్ళు కూడా ఈ కథ వింటే ఆలోచిస్తారు.

సాయంత్రం, ఆ పిల్ల షిఫ్టు దిగే వేళ చూసి, నా ఫోన్ నుంచి స్పీకరు పెట్టి నేనే చేశాను. తల్లి నా పక్కనే కూర్చుంది, మాట్లాడనని ముందే చెప్పింది. నేను ఎవరో, ఎక్కడి నుంచో చెప్పి, జరిగిందంతా పూసగుచ్చినట్టు చెప్పాను. అవతల ఫ్యాక్టరీ బస్సు హారన్ వినిపించింది.

"మా నాయన సెప్పమన్నాడా మేడమ్?" అంది చివరికి.

లేదన్నాను. నమ్మలేదు. తన లెక్క తనకుంది. పగలంతా ఫోన్ లాకర్లో పెట్టాలి. సాయంత్రాలు నాయన మేళంలో ఉంటాడు, ఎత్తినా ఆ హోరులో కసురుకుంటాడు. తెల్లవారుజామున అయితే చాప మీద ఒక్కడే కూర్చొని ఉంటాడు. తనకు పాఠం చెప్పిన వేళ అది. ఎంత కోపమున్నా ఆ వేళప్పుడు ఆయనకు కోపం ఉండదు. అందుకని ఏరి కోరి ఆ సమయానికే, బస్సులో నిలబడి చేసేది. ఆ వేళప్పుడు కూడా కట్ చేశాడంటే, ఇంక తనను పూర్తిగా వదిలేసినట్టేనని అనుకుంది. నా పక్కన తల్లి నోట్లో చెంగు కుక్కుకుంది.

ఒక్కటి చెప్పు తల్లీ అని అడిగాను. నువ్వు చేసినప్పుడు కట్టయ్యేలోపల రింగు వినపడేదా?

ఆలోచించింది. "లేదు మేడమ్. ఒక్క రింగు గూడా రాదు. ఫోను సేతిలో పెట్టుకోని కాసుకోని ఉంటాడేమో అనుకుంటి."

"మనిషి కోయాలంటే ముందు మోగాలి కదమ్మా" అన్నాను. "మోగకుండా కోసేది మిషనే."

రేపు తెల్లారి బస్సులో నుంచి చేస్తానంది. ఒక్కసారే. కట్టయిందంటే ఇంక ఈ జన్మలో చేసేది లేదు, ఆ సంగతి మా నాయనకు చెప్పండి అంది. నాయన కూతురే, అనుమానం లేదు.

మరునాడు మేమిద్దరం మళ్ళీ తిరుచానూరు పోయాం. ఈసారి ఇంజినీరు అమ్మాయి ఆవలించలేదు. శ్రుతి పెట్టకుండా ఊరికే కూర్చొని ఉండండి, ఎందుకొచ్చిన గొడవ అన్నాను నేను. ఆయన ఒప్పుకోలేదు. బిడ్డ చేసేది సాధకం వేళకు, సాధకం జరుగుతుండగానే మోగాలి, లేకుంటే నేను కొయ్యలేదనేదానికి ఏం రుజువు అన్నాడు. శ్రుతి పెట్టాడు, ఫోన్ గోడకు ఆనించాడు, వాయిద్యం ఎత్తాడు. ఏం వాయించాడో నాకు చెప్పడం రాదు. సంగీతం తెలిసినదాన్ని కాను. కానీ అడుగడుక్కీ ఊపిరి తడబడుతుండటం నాకే తెలిసింది. ఆయన చూపంతా ఆ ఫోన్ మీదే ఉంది. ఇల్లాలు గడప మీద కూర్చొని పూలు కడుతున్నట్టు నటిస్తోంది. దారంలోకి ఒక్క పువ్వూ ఎక్కడం లేదు.

ఫోన్ మోగింది.

ఆయన నాదస్వరం ఒడుపుగా పక్కన గుడ్డ మీద పడుకోబెట్టాడు. అంత తొందరలోనూ వాయిద్యాన్ని విసిరేయలేదు. చేయి పంచెకు తుడుచుకుని ఫోన్ తెర ఇటు తిప్పాడు. రెండోసారి మోగింది. తెర మీద ఎర్ర గుండ్రం, పచ్చ గుండ్రం పక్కపక్కనే ఉన్నాయి. కంగారులో ఆయన వేలు పోయి ఎర్రదాని మీద పడింది.

కట్టయింది. శ్రుతి ఒక్కటే పలుకుతూ ఉంది.

ఇన్ని పాట్లు పడి మిషనును మంచిది చేస్తే, మనిషి కోసేశాడు. ఆయన తన వేలి వైపు, అది వేరేవాళ్ళది అన్నట్టు చూసుకుంటున్నాడు. ఇంజినీరు అమ్మాయి నా ఫోన్ లాక్కుని ఆ పిల్ల నంబరు వెతకడం మొదలుపెట్టింది. ఇల్లాలు గడప మీద నుంచి లేచింది, ఒళ్ళో మల్లెలన్నీ జారి నేల మీద పడ్డాయి. తిడుతుందేమో అనుకున్నాను. తిట్టలేదు. వచ్చి ఆయన పక్కన చాప మీద కూలబడింది. ఈ జన్మలో చేసేది లేదు అన్న మాట మా నలుగురి చెవుల్లోనూ ఉంది.

మళ్ళీ మోగింది.

ఎవరం కదల్లేదు. నిజంగా మోగుతోందా అని నేను అనుమానపడ్డాను. ఆ ఇల్లాలు మాత్రం భర్త చేయి అందుకుంది. వేలు గట్టిగా పట్టుకుని, చిన్నపిల్లల చేత అక్షరాలు దిద్దించినట్టు తీసుకుపోయి పచ్చదాని మీద పెట్టి నొక్కించింది. ఫోన్లో బస్సు చప్పుడు వచ్చింది. దాని వెనకే ఆ పిల్ల గొంతు.

"ఈ తూరి రెండు రింగులు వచ్చినాయి. కోసింది నువ్వే గదా నాయనా?"

"నేనే తల్లీ" అన్నాడాయన. ఏడుస్తున్నాడు, నవ్వుతున్నాడు. "ఈ తూరి నేనే. నేనే కోసినా."

నా సర్వీసంతటిలో అంత సంబరంగా నేరం ఒప్పుకున్న మనిషిని నేను ఇంకొకరిని చూడలేదు.